సబ్బునీళ్లు, కుంకుడు రసం కొడితే పురుగుల ఊపిరి రంధ్రాలు మూసుకుపోతాయా? పక్క తొట్టిలో గప్పీలకు ప్రమాదమా?

మిద్దెతోట_తెనాలి:

అందరికీ నమస్కారం. మిద్దె మీద చిక్కుడు తీగకి నల్ల పేనుబంక, మందారానికి పిండినల్లి పట్టాయి. కుంకుడు రసమో సబ్బునీళ్లో కొడితే పురుగు ఒంటి మీది ఊపిరి రంధ్రాలు మూసుకుపోయి చస్తుందని ప్రతిచోటా రాస్తున్నారు. అదే నిజమైతే వాన పడినప్పుడు పురుగులన్నీ ఎందుకు చావవు? బొద్దింక నీళ్లలో పడి అరగంట ఉన్నా తేరుకుంటుంది కదా. ఇంకో సంగతి, ఒకే ద్రావణం కొడితే పేనుబంక పోతోంది, పిండినల్లి మాత్రం కదలడం లేదు. దాని రంధ్రాలు వేరేచోట ఉంటాయా?

కుండీల పక్కనే 100 లీటర్ల తొట్టి ఉంది. దోమల కోసం అందులో గప్పీలు వేశాం. కుంకుడు రసం సహజమైనదే కాబట్టి తొట్టిలో పడినా పరవాలేదనుకోవచ్చా? లీటరుకి ఎంత సబ్బు కలపాలో కూడా తెలిసినవారు చెప్పగలరు.

కీటకశాస్త్రం_బాపట్ల:

మంచి ప్రశ్న అండి. ముందు వాన సంగతి చూద్దాం, మిగతావన్నీ దానిమీదే ఆధారపడి ఉన్నాయి.

పురుగుకి ముక్కుతో గానీ నోటితో గానీ ఊపిరి తీసుకోవడం ఉండదు. ఛాతీకి, పొట్టకి రెండు పక్కలా జంటలు జంటలుగా శ్వాసరంధ్రాలు ఉంటాయి. బొద్దింకకి ఛాతీ మీద 2 జంటలు, పొట్ట మీద 8 జంటలు, మొత్తం 10 జంటలు. ఒక్కో రంధ్రం నుంచి వాయునాళం లోపలికి పోయి, కొమ్మలు రెమ్మలుగా చీలి, చివరికి కండరాల దాకా గాలిని నేరుగా చేరుస్తుంది. ఆక్సిజన్‌ను మోసే పని రక్తానిది కాదు. అందుకే ఆ నాళాల్లోకి నీరు దిగిందంటే పురుగుకి వేరే దారి ఉండదు.

మామూలు నీరు దిగదు. రంధ్రం అంచున మైనపు పొర, సన్నని నూగు ఉంటాయి, రెండూ నీటిని అంటనివ్వవు. గది ఉష్ణోగ్రతలో నీటి తలతన్యత, అంటే పైపొర బిగువు, మీటరుకి దాదాపు 72 మిల్లీన్యూటన్లు. అంత బిగువున్న నీరు ఆ ఇరుకు రంధ్రం మీద బొట్టుగా నిలుస్తుందే తప్ప లోపలికి జారదు. పైగా చాలా పురుగులకి రంధ్రానికి తలుపుంటుంది, కండరం లాగితే మూసుకుంటుంది. బొద్దింక నీళ్లలో పడగానే తలుపులు వేసుకుని, నాళాల్లో ఉన్న గాలితో నెట్టుకొస్తుంది.

సబ్బు కలిపితే తలతన్యత 25-30 దాకా పడిపోతుంది. అప్పుడు నీరు మైనాన్ని కూడా తడిపి, నూగు మధ్యకి చేరి, నాళంలోకి పాకుతుంది. కాబట్టి సబ్బు రంధ్రానికి మూత పెట్టదు, నీటికి దారి ఇస్తుంది. మూత పెట్టేది నూనె. ఇది చాలా పాత పరిశీలన. 1669లో ఇటలీలో మార్చెల్లో మాల్పీగీ పట్టుపురుగు వాయునాళాలను వర్ణిస్తూ, పక్క రంధ్రాలకి నూనె పూస్తే పురుగు చచ్చిపోతుందని చూపించాడు.

ఊపిరాడకపోవడం ఒక్కటే కారణం అనుకోకండి. సబ్బులోని కొవ్వు ఆమ్లాలు మెత్తని పురుగుల చర్మం మీది మైనాన్ని కరిగించి, కణాల పొరలను చెడగొడతాయి, పురుగు ఎండిపోతుంది. పేనుబంక త్వరగా పోవడానికి ఇది పెద్ద కారణం. దాని చర్మం చాలా పల్చన, రంధ్రాలు పక్కలకే ఉంటాయి, పిచికారీకి సులువుగా దొరుకుతాయి.

ఇక పిండినల్లి. మీ అనుమానం సరైనదే. పిండినల్లికి పొట్ట మీద రంధ్రాలు లేవు. ఉన్నవి ఛాతీ మీద 2 జంటలు, అవి కూడా అడుగువైపు, కాళ్ల దగ్గర. అంటే పురుగు కొమ్మని అంటుకుని కూర్చుంటే రంధ్రాలు కొమ్మకీ ఒంటికీ మధ్య దాగిపోతాయి. పైన తెల్లని మైనపు పిండి, గుడ్ల సంచి మీద దూది లాంటి పోగులు. పై నుంచి కొట్టిన ద్రావణం ఆ పిండి మీదే బొట్లుగా నిలిచి జారిపోతుంది. పొలుసు పురుగులదీ ఇదే పద్ధతి.

అందుకని పిండినల్లికి ముందు పిండి వదలగొట్టాలి. గుంపులున్న చోట నీళ్లు ధారగా కొట్టండి, లేదా పాత పళ్లు తోముకునే బ్రష్‌ని సబ్బునీళ్లలో ముంచి కణుపుల దగ్గర, ఆకు తొడిమల దగ్గర రుద్దండి. ఆ తరువాతే పిచికారీ. గుడ్ల సంచుల మీద సబ్బు పనిచేయదు కాబట్టి 5-7 రోజులకొకసారి, కనీసం మూడు విడతలు కొట్టాలి. కొమ్మల మీద చీమల బారు తిరుగుతుంటే మొదలు దగ్గర దాన్ని ఆపండి. చీమలు తేనెబంక (పిండినల్లి వదిలే తీపి జిగురు) కోసం పిండినల్లిని కాపాడతాయి, కొత్త కొమ్మలకి మోసుకుపోతాయి కూడా.

మోతాదు: మొక్కల కోసం అమ్మే పొటాషియం సబ్బు ద్రవం అయితే లీటరు నీటికి 10 మి.లీ.తో మొదలుపెట్టండి, 20 మి.లీ. దాటొద్దు. గిన్నెలు తోమే లిక్విడ్లు, బట్టల సర్ఫు వద్దు. వాటిలోది అసలు సబ్బు కాదు, ఆకు మీది మైనాన్నీ లాగేస్తాయి, రెండో రోజుకి ఆకు అంచులు మాడతాయి. ఏదైనా సరే ముందు నాలుగైదు ఆకుల మీద కొట్టి 48 గంటలు చూడండి. లేత దోస, బీర పాదుల మీద ఇది తప్పనిసరి.

ఎండలో కొట్టొద్దు. పొద్దుగూకే వేళ కొడితే ద్రావణం నిదానంగా ఆరుతుంది, తేనెటీగలు కూడా అప్పటికి పువ్వుల మీద ఉండవు. సబ్బు తడిగా ఉన్నంతసేపే పురుగుని చంపుతుంది, ఆరిన పొరకి ఆ శక్తి ఉండదు. కాబట్టి ఆకు అడుగుభాగం కారేటట్టు తడపాలి. పైపైన చల్లితే అటుపక్క మిగిలిన పేనుబంక నాలుగైదు పిల్లలే అయినా వారంలో మళ్లీ కొమ్మ నిండుతుంది, మన వేడిలో ఇవి గుడ్లు పెట్టకుండా నేరుగా పిల్లల్నే కంటాయి.

ఇంకో మాట. ఇక్కడి బోరు నీళ్లు చాలాచోట్ల కఠినం. ఒక సీసాలో లీటరు నీళ్లు పోసి 10 మి.లీ. సబ్బు వేసి బాగా ఊపి పది నిమిషాలు ఉంచండి. పైన విరిగిన పాలలా తెట్టు కడితే కాల్షియం సబ్బుని పట్టేసిందని అర్థం. ఆ ద్రావణం పురుగుని తడపదు, స్ప్రేయర్ నాజిల్‌ని మాత్రం పూడ్చేస్తుంది. వాననీరో, ఫిల్టరు నీరో వాడండి. “సబ్బు పనిచేయలేదు” అనే ఫిర్యాదుల్లో చాలావాటికి మూలం ఇక్కడే ఉంటుంది.

జంతుశాస్త్రం_మాస్టారు:

పైన చెప్పినదంతా సరిగ్గా ఉంది. రంధ్రాలను కంటితో చూడదలచుకుంటే కొన్ని సులువైన చోట్లు చెబుతాను, ఇంటర్ పిల్లలున్న ఇళ్లలో పనికొస్తుంది.

అన్నిటికన్నా తేలిక గొంగళి పురుగు. కరివేపాకు మీదో నిమ్మ మీదో ఎదిగిన ఆకుపచ్చ గొంగళి దొరుకుతుంది. పది రెట్ల భూతద్దంతో పక్క నుంచి చూడండి. తల వెనకే ఛాతీ మొదటి ఖండం మీద ఒకటి, మధ్యలో రెండు ఖండాలు ఖాళీ, ఆపైన పొట్ట మీద వరసగా ఎనిమిది. అంటే ఒక పక్కకి తొమ్మిది. కోలగా, అంచు ముదురు రంగులో, లోపల సన్నని జల్లెడలా కనిపిస్తాయి. పట్టుపురుగులోనూ లెక్క ఇదే.

బొద్దింకలో మొదటి ఛాతీ రంధ్రం ఒంటి మొత్తం మీద పెద్దది. ముందు కాలికీ మధ్య కాలికీ నడుమ మెత్తని చర్మంలో ఉంటుంది. పొట్ట మీదివి పై పలకకీ కింది పలకకీ మధ్య మడతలో దాగి ఉంటాయి, పొట్టని కొంచెం సాగదీస్తేనే కనిపిస్తాయి. మొదటి పొట్ట జంట మాత్రం కాస్త వీపు వైపుకి ఉంటుంది. పిల్లలు లెక్క తప్పేది దాన్ని వదిలేయడం వల్లే, 9 జంటలని రాస్తారు.

చచ్చిన బొద్దింకను మైనపు పళ్లెంలో పెట్టి, నీళ్లలో మునిగేటట్టు చేసి వీపు పలకలు తీయండి. నీళ్లలో వాయునాళాలు వెండి దారాల్లా మెరుస్తాయి. ఆ మెరుపు వాటిలోని గాలిది. చాలాసేపు ఉంచితే నీరెక్కి మెరుపు పోతుంది, ఆ తరువాత నాళమేదో కొవ్వేదో గుర్తుపట్టలేరు. కాబట్టి తెరవగానే ఒక నాళం ముక్క కత్తిరించి, గాజు పలక మీద గ్లిజరిన్ చుక్కలో పెట్టి మూత పలక వేయండి. నాళం గోడలో సర్పిలంగా తిరిగిన పట్టీలు కనిపిస్తాయి. పంపుసెట్టు సక్షన్ పైపులో తీగ చుట్ట చేసే పనే వీటిదీ, నాళం నొక్కుకుపోకుండా నిలబెడతాయి. కొనల్లో ఉండే సూక్ష్మనాళికలకి ఈ పట్టీలు మామూలు సూక్ష్మదర్శినిలో కనిపించవు.

జంతువుని కోయడం ఇష్టం లేనివారు మిడతదో ఇలకోడిదో విడిచిన కుబుసం తీసుకోండి. చీలిక తెరిచి చూస్తే లోపల తెల్లని పోగులు వేలాడుతుంటాయి. అవి పాత వాయునాళాల లోపలి పొరలు. పురుగు కుబుసం విడిచేటప్పుడు ఒంటి మీది పొరతోపాటు ఊపిరి గొట్టాల లోపలి పొరను కూడా ఆ రంధ్రాల్లోంచి లాగి పారేస్తుంది. నాకు ఈ మొత్తం పాఠంలో అతి ఇష్టమైన దృశ్యం ఇది. పైసా ఖర్చు లేదు, పిల్లలకి ఒక్కసారి చూపిస్తే రంధ్రానికీ నాళానికీ ఉన్న సంబంధం మళ్లీ వివరించనక్కరలేదు.

తొట్టి ఉందన్నారు కాబట్టి దోమని కూడా చూడండి. క్యూలెక్స్, ఈడిస్ దోమల లార్వా తోక చివర గొట్టం ఉంటుంది, తెరిచి ఉండే రంధ్రాలు దాని కొనలోనే. తలకిందులుగా వేలాడేది అందుకే. అనాఫిలిస్‌కి గొట్టం లేదు, రంధ్రాలు ఎనిమిదో పొట్ట ఖండం మీదే ఉంటాయి కాబట్టి నీటి మీద అడ్డంగా పడుకుంటుంది. అదే దోమ ప్యూపా అయ్యాక ఊపిరి గొట్టాలు ఛాతీ మీదికి మారతాయి, రెండు చిన్న బూరల్లా పైకి తేలతాయి.

చేపల_చెరువు_ఆకివీడు:

గప్పీల విషయం నేను చెబుతాను. కుంకుడు రసం తొట్టిలో పడకూడదండి. “సహజం” అన్న మాట చేప దగ్గర చెల్లదు.

కుంకుడులో నురగ తెప్పించేవి సాపోనిన్లు. చెరువుల్లో అక్కరలేని చేపల్ని చంపడానికి మనం వాడేది అదే రకం పదార్థం. చేపపిల్ల వేసే ముందు ఇప్పచెక్క (ఇప్పగింజల నూనె తీశాక మిగిలిన పిండి) 250 పి.పి.ఎం. (పది లక్షల భాగాల నీటికి 250 భాగాలు) వేస్తారు, అంటే మీటరు లోతు నీళ్లున్న ఎకరానికి దాదాపు ఒక టన్ను. దానిలో సాపోనిన్ 4-6 శాతమే. రొయ్యల చెరువులో టీ సీడ్ కేక్ 15 పి.పి.ఎం., అదే లోతు ఎకరానికి సుమారు 60 కిలోలు వేస్తే చేపలు తేలతాయి, రొయ్యలు బతుకుతాయి. సాపోనిన్ మొప్పల గుండా రక్తంలోకి చేరి ఎర్ర రక్తకణాలను పగలగొడుతుంది. రొయ్యకి ఎర్ర కణాలు లేవు, దాని రక్తంలో ఆక్సిజన్ మోసేది రాగి ఉన్న హీమోసయనిన్, అందుకే అంత మోతాదు తట్టుకుంటుంది.

సబ్బు, డిటర్జెంటు కూడా మొప్పల్నే పట్టుకుంటాయి, కాకపోతే దారి వేరు. చేపకి తలకి రెండు పక్కలా మొప్ప కప్పు ఉంటుంది. దాని కింద ఒక్కో పక్క నాలుగు మొప్ప చాపాలు, వాటి మీద ఎర్రని తంతువులు, తంతువు మీద ఇంకా సన్నని పటలికలు. అక్కడ నీటికీ రక్తానికీ మధ్య అడ్డు కొన్ని మైక్రాన్లే. అంత పల్చగా ఉండకపోతే కుదరదు, ఎందుకంటే 30 డిగ్రీల నీటిలో నిండుగా కరిగిన ఆక్సిజన్ కూడా లీటరుకి సుమారు 7.5 మిల్లీగ్రాములే. డిటర్జెంటు తగిలితే ఆ పొర ఉబ్బుతుంది, జిగురు కారుతుంది, పటలికలు ఒకదానికొకటి అతుక్కుంటాయి. నీళ్లలో ఆక్సిజన్ ఉన్నా చేపకి అందదు.

లెక్క చూడండి. లీటరుకి 10 మి.లీ. లెక్కన కలిపిన ద్రావణం 100 మి.లీ. తొట్టిలో పడితే అందులో సబ్బు ద్రవం 1 మి.లీ. మీ 100 లీటర్లలో అది 10 పి.పి.ఎం. గిన్నెల లిక్విడ్ అయితే, అందులో ఐదో వంతు కడిగే రసాయనం అనుకున్నా, లీటరుకి 2 మిల్లీగ్రాములు. చేప జాతిని బట్టి లీటరుకి కొద్ది మిల్లీగ్రాముల దగ్గరే ప్రమాదం మొదలవుతుంది. ఒక్క గ్లాసులో సగం చాలన్నమాట. గాలికి తుంపర పడినా, కుండీల కిందనుంచి కారినా ఆ మేరకి చేరడం పెద్ద కష్టం కాదు.

కాబట్టి కొట్టే ముందు తొట్టి మీద పట్టా కప్పండి, గాలి వాలు చూసుకోండి, కుండీల నీళ్లు తొట్టి వైపు కారకుండా చూడండి. మరుసటి రోజు మొక్కలు కడిగేటప్పుడు కూడా పట్టా ఉండాలి, అప్పుడు కడిగిన నీళ్లలో సబ్బే ఉంటుంది.

పడిపోతే గుర్తులు ఇవి: గప్పీలన్నీ పైకి చేరి మూతి నీటి అంచుకి పెట్టి ఊపిరాడతాయి, మొప్ప కప్పులు గబగబా కొట్టుకుంటాయి, ఒంటి మీద తెల్లని జిగురు కనిపిస్తుంది. వెంటనే సగం నీళ్లు తీసి, క్లోరిన్ పోయిన, అదే వేడి ఉన్న నీళ్లు పోయండి. రెండు గంటలాగి మళ్లీ సగం. ఒకేసారి మొత్తం మార్చొద్దు. కుళాయి నీళ్లు తెచ్చి అలాగే పోస్తే దెబ్బతిన్న మొప్పల మీద క్లోరిన్ పడుతుంది, అది ఇంకా చెడ్డది. అక్వేరియం కార్బన్ ఉంటే ఒక గుడ్డ సంచిలో కట్టి వేయండి, డిటర్జెంటుని పీల్చుకుంటుంది. ఎయిర్ పంపు ఉంటే పెట్టండి.

నూనె సంగతి కూడా. దోమ లార్వాల కోసం మురుగు కాలవల్లో చదరపు మీటరుకి 20 మి.లీ. లెక్కన లార్వా నూనె వేస్తారు. అది లార్వా గొట్టం కొనని పట్టుకుని ఊపిరి ఆపుతుంది. చేపలున్న తొట్టిలో ఆ పని చేయకండి. గాలిలోంచి ఆక్సిజన్ నీటిలోకి దిగేది పై పొర నుంచే, గప్పీ కష్టకాలంలో ఆధారపడేదీ ఆ పొర మీదే. గప్పీలు ఉంటే లార్వాల్ని అవే తినేస్తాయి, వేరే మందు అక్కరలేదు.

మిద్దెతోట_తెనాలి:

చాలా వివరంగా చెప్పారు, ముగ్గురికీ కృతజ్ఞతలు. కుంకుడు రసం పక్కన పెట్టేస్తాను. ఇంకో మూడు ప్రశ్నలు. వంగ ఆకుల మీద చుక్కల అక్షింతల పురుగులు ఆకు గీకి తింటున్నాయి, వాటికీ సబ్బు సరిపోతుందా? వేపనూనె కలిపి కొడితే రెండు పనులూ అవుతాయా? కుండీల్లో వానపాములు ఉన్నాయి, సబ్బునీళ్లు కారితే వాటికేమైనా అవుతుందా?

కీటకశాస్త్రం_బాపట్ల:

పెద్ద అక్షింతల పురుగుకి సబ్బు దండగ. చాలా పెంకు పురుగులకి పొట్ట మీది రంధ్రాలు గట్టి రెక్కల కింద, వీపు వైపు ఉంటాయి. పిచికారీ ఆ పెంకు మీదనుంచి జారిపోతుంది. పొద్దున్నే చల్లగా ఉన్నప్పుడు మందకొడిగా ఉంటాయి, ఏరి సబ్బునీళ్ల డబ్బాలో వేసేయండి. ఆకు అడుగున పసుపుపచ్చని గుడ్ల గుంపుల్ని, ముళ్లు ముళ్లుగా ఉండే పిల్ల పురుగుల్ని కూడా నలిపేయాలి. ఒక జాగ్రత్త: పేనుబంకని తినే అక్షింతల పురుగులు మన మిత్రులు. మెరిసే నున్నని వీపు ఉంటే మిత్రుడు, వంగ మీద ఆకు గీకేదానికి వీపు మీద సన్నని నూగు ఉండి మెరుపు తక్కువగా ఉంటుంది. మిత్ర పురుగుల పిల్లలు మెత్తగా ఉంటాయి, సబ్బుకి అవీ చస్తాయి, కాబట్టి పేనుబంక ఉన్న కొమ్మల వరకే కొట్టండి.

ఎదిగిన లద్దెపురుగులకీ సబ్బు చాలదు. ఒళ్లు పెద్దది, చర్మం మందం, రంధ్రాలకి తలుపులున్నాయి.

వేపనూనె కలపొచ్చు. అజాడిరక్టిన్ (వేపలో పురుగు మీద పనిచేసే పదార్థం) 1500 పి.పి.ఎం. ఉన్న రకం లీటరుకి 5 మి.లీ. ముందు కొద్దిపాటి గోరువెచ్చని నీళ్లలో 1 మి.లీ. సబ్బు కలిపి, అందులో నూనె పోసి పాలలా తెల్లబడేదాకా ఊపండి, ఆ తరువాతే మిగతా నీళ్లు. నేరుగా నీళ్లలో నూనె పోస్తే పైకి తేలుతుంది, చివర్లో వచ్చే చిక్కని నూనెకి ఆకులు మాడతాయి. కొడుతున్నంతసేపు మధ్యమధ్య ఊపండి, కలిపినది ఆరోజే వాడేయండి. గంధకం మందు ఏదైనా వాడి ఉంటే రెండు వారాలు ఆగి నూనె కొట్టండి, రెండూ కలిస్తే ఆకు కాలుతుంది.

వంగ మీద ఎర్రనల్లి కూడా ఉంటే సబ్బు పనికొస్తుంది. అది కీటకం కాదు, సాలీడు జాతికి దగ్గరిది, ఊపిరి రంధ్రాలు నోటి భాగాల మొదట్లో ఉంటాయి. ఆకు అడుగున గూడు పోగుల కింద దాక్కుంటుంది కాబట్టి ముందు నీళ్లతో ఆ పోగులు చెదరగొట్టండి.

జంతుశాస్త్రం_మాస్టారు:

వానపాము సంగతి. దానికి రంధ్రాలూ మొప్పలూ లేవు, తడి చర్మమే ఊపిరి. ఒళ్లంతా జిగురుతో తడిగా ఉంటేనే ఆక్సిజన్ లోపలికి పోతుంది. సబ్బు ఆ జిగురుని కడిగేస్తుంది. ఆకులు తడిపినప్పుడు కారే నాలుగు చుక్కలకి కుండీలో ఏమీ కాదు, మట్టి పట్టుకుంటుంది, కాల్షియంతో కలిసి సబ్బు విరిగిపోతుంది. మిగిలిన ద్రావణాన్ని కుండీలో పోయడం, పిండినల్లి వేర్లలో ఉందని మట్టిని సబ్బునీళ్లతో తడపడం మాత్రం చేయకండి. వానపాములు పైకి వచ్చి మెలికలు తిరుగుతుంటే మంచినీళ్లు ధారాళంగా పోసి కింద కన్నం నుంచి బయటికి పోనివ్వండి.

వానాకాలంలో తొట్టిలో తోకకప్పలు చేరితే వాటికీ చేపల జాగ్రత్తే. వాటి మొప్పలు చర్మపు మడత లోపల ఉంటాయి. నీరు నోట్లోంచి పోయి, మన కప్పల్లో చాలావాటికి ఎడమ పక్కనున్న ఒకే ఒక్క రంధ్రం నుంచి బయటికొస్తుంది. గాజు సీసాలో వేసి పక్కనుంచి చూస్తే ఆ చిన్న గొట్టం కనిపిస్తుంది, చూశాక తొట్టిలో వదిలేయండి.

చేపల_చెరువు_ఆకివీడు:

ఒక్కటి చేర్చాలి. గప్పీలకి బదులు తొట్టిలో కొర్రమీను పిల్లలు వేద్దామని ఎవరైనా చెబితే, అది గాలి పీల్చే చేప కాబట్టి సబ్బుని తట్టుకుంటుందనుకోకండి. కొర్రమీనుకి మొప్పల పైన గాలి గది ఉంది, ఆక్సిజన్ తగ్గిన నీళ్లలో బతుకుతుంది, పైకి రానివ్వకపోతే ఊపిరాడక చస్తుంది కూడా. కానీ మొప్పలు దానికీ ఉన్నాయి, సాపోనిన్ వాటిగుండానే ఎక్కుతుంది. ఇప్పచెక్క వేసిన చెరువుల్లో కొర్రమీను కూడా తేలుతుంది, కాకపోతే మిగతా చేపల కన్నా ఆలస్యంగా. పైగా అది గప్పీల్ని తినేస్తుంది.